కొత్త రైఫిల్‌ని పాతదాని పక్కన పెట్టి పరీక్షించడం ఎలా

మా మేనల్లుడు ఈమధ్య హైదరాబాద్‌లో చిన్న ఆయుధాలు తయారుచేసే కంపెనీలో ఇంజనీరుగా చేరాడు. "మామయ్యా, మా రైఫిల్ ఇన్సాస్ కంటే మేలని ఆర్మీవాళ్ళకి ఎలా చూపించాలి?" అని అడిగాడు. ఇన్సాస్ అంటే మన సైన్యం ఏళ్ళుగా వాడుతున్న రైఫిల్. నేను ఈఎంఈలో (సైన్యంలో ఆయుధాలూ యంత్రాలూ మరమ్మతు చేసే విభాగం) ఆర్మరర్‌గా, అంటే తుపాకులు బాగుచేసేవాడిగా, పనిచేసి జేసీఓగా (జూనియర్ కమిషన్డ్ ఆఫీసర్) రిటైరయ్యాను. మాది మిలిటరీ మాధవరం కాదు, గిద్దలూరు వైపు. రిక్రూట్ శిక్షణ సికింద్రాబాద్ ఈఎంఈ సెంటర్‌లో, ఆ తర్వాత ఎక్కడ కోత్ (యూనిట్ ఆయుధాగారం) ఉంటే అక్కడ. వాడికి చెప్పిన విషయాలే కాస్త వివరంగా ఇక్కడ రాస్తున్నాను. ట్రయల్ టీంలో కొత్తగా పడ్డ కుర్రాళ్ళకీ, పోలీసు బెటాలియన్లలో ఆర్మరర్లకీ కూడా పనికొస్తాయి. ఇందులో రహస్యాలేమీ లేవు.

వాణ్ణి మొదట ఎదురు ప్రశ్న అడిగాను. మేలంటే దేనిలో, ఎంత దూరంలో, ఎవరి చేతిలో? వాడి దగ్గర జవాబు లేదు. ట్రయల్ పని మొదలవ్వాల్సింది అక్కడే.

దేని పక్కన పెట్టాలి

మన సైన్యంలో ఇప్పుడున్నది ఒక్క రైఫిల్ కాదు. 5.56×45 ఇన్సాస్ ఉంది (మొదటి అంకె గుండు వ్యాసం, రెండోది దాని తొడుగు పొడవు, మిల్లీమీటర్లలో). ఉగ్రవాదంతో పోరాడే యూనిట్లలో ఏళ్ళ తరబడి 7.62×39 ఏకేలున్నాయి. 2019లో 72,400 సిగ్ 716లు కొన్నారు, అవి 7.62×51. అమేఠీ దగ్గర కోర్వాలో ఏకే-203 తయారీకి 2021 డిసెంబరులో ఆరు లక్షల పైచిలుకు రైఫిళ్ళ ఒప్పందం జరిగింది. 2024 జనవరిలో పుణెలోని డీఆర్‌డీఓ ల్యాబ్ ఏఆర్‌డీఈ, హైదరాబాద్‌లోని ద్వీప ఆర్మర్ కంపెనీ కలిసి చేసిన 'ఉగ్రం' బయటికొచ్చింది. అదీ 7.62×51, బరువు 4 కిలోల లోపు.

మీ కొత్త రైఫిల్ 7.62×51 అనుకుందాం. దాన్ని ఇన్సాస్‌తో మాత్రమే పోల్చి "దెబ్బ గట్టిగా ఉంది" అని రాస్తే అది ట్రయల్ కాదు, ప్రచారం. పెద్ద రౌండు గట్టిగా కొడుతుందని రేంజ్‌కి వెళ్ళకుండానే తెలుసు. కనీసం రెండింటి పక్కన పెట్టాలి: అది ఏ ఆయుధం స్థానంలోకి వస్తుందో ఆ ఆయుధం, అదే రౌండు పేల్చే ఇంకో ఆయుధం.

బరువు లెక్క కూడా ఇక్కడే వేసుకోండి. 5.56 రౌండు సుమారు 12 గ్రాములు, 7.62×39 సుమారు 16 నుంచి 17, 7.62×51 సుమారు 24. జవాను 120 రౌండ్లు మోస్తే మొదటిదానికి ఒకటిన్నర కిలో లోపు, చివరిదానికి మూడు కిలోలకు దగ్గర. మేగజైన్ల బరువు దీనికి అదనం. అందుకే నేనైతే ఒక పరీక్ష సమాన రౌండ్లతో, ఇంకొకటి సమాన బరువుతో పెట్టమంటాను. అంతే బరువులో ఒకడి దగ్గర 120 రౌండ్లుంటే, ఇంకొకడి దగ్గర 60 ఉంటాయి. ఆ 60తో టార్గెట్లు ఎన్ని పడ్డాయి అన్నది అసలు లెక్క.

జీఎస్‌క్యూఆర్ గురించి, అంటే ఆయుధం ఎలా ఉండాలో సైన్యం ముందే రాసిచ్చే కాగితం గురించి, ఒక మాట. అందులో గీసిన గీత దాటిందా లేదా అన్నది ఒక పరీక్ష. పక్కనున్న తుపాకీ కంటే బాగుందా అన్నది వేరే పరీక్ష. చాలామంది రెండూ కలిపేస్తారు. ఇక ఆ గీతే కోరికల జాబితా అయితే ఎవరూ దాటలేరు. బ్యారెల్ మార్చి 5.56, 7.62×39 రెండూ పేల్చే రైఫిల్ కావాలని 2011లో పిలిచిన టెండరు 2015లో రద్దయింది.

మూడు కుప్పలు

కొత్త తుపాకీ కొత్త అల్లుడిలాంటిది, మొదటి పండక్కి వంక పెట్టడానికేమీ దొరకదు. మన కొనుగోలు పద్ధతిలో కంపెనీ తన సొంత ఖర్చుతో నమూనాలు తెస్తుంది. ఏరి, రుద్ది, మెరుగుపెట్టి తెచ్చినవి అవి. వాటి పక్కన పదేళ్ళు పరేడ్ గ్రౌండ్‌లోనూ పహారాలోనూ నలిగిన ఇన్సాస్ పెడితే ఫలితం ముందే తేలిపోతుంది.

అందుకని మూడు కుప్పలు పెట్టండి. ఒకటి కొత్త మోడల్. రెండోది పాత మోడల్‌లోనే డిపో నుంచి నేరుగా వచ్చిన, పేల్చని రైఫిళ్ళు. మూడోది యూనిట్ కోత్‌లో వాడుకలో ఉన్నవి. ఒకటికీ రెండుకీ తేడా డిజైన్‌ది. రెండుకీ మూడుకీ తేడా అరుగుదలది. ఈ రెండో కుప్ప లేని రిపోర్టు నా చేతికొస్తే నేను సంతకం పెట్టను.

ఒక్కో కుప్పలో పదైనా ఉండాలి. కోత్ నుంచి తీసేటప్పుడు కోత్ ఎన్‌సీఓని (కోత్ బాధ్యత చూసే సైనికుణ్ణి) "మంచివి తియ్యి" అనకండి, "పాడైనవి తియ్యి" అని అసలే అనకండి. బట్ (భుజానికి ఆనించే భాగం) మీద ఉండే నంబర్లు చీటీలు రాసి తీయండి. తీసినవాటిని రేంజ్‌కి పంపేముందు గేజ్ పెట్టి చూడాలి: సీహెచ్‌ఎస్ (బోల్ట్‌కీ లోపల కూర్చున్న రౌండుకీ మధ్య ఖాళీ), బ్యారెల్ అరుగుదల, ఫైరింగ్ పిన్ పొడవు, స్ప్రింగుల బలం. గేజ్‌లో ఫెయిలైన రైఫిల్‌ని ట్రయల్‌లో పెట్టకూడదు, కానీ చీటీలో వచ్చినవాటిలో ఎన్ని ఫెయిలయ్యాయో రిపోర్టులో రాయాలి. పాత ఆయుధం పరిస్థితి గురించి అదొక పెద్ద సమాచారం.

రౌండ్ల లాట్

ఇక్కడ తొందరపడకండి. అమెరికా రైఫిల్ ఎం16 కథ చదివినవాళ్ళకి ఎందుకో తెలుస్తుంది. ఆ రైఫిల్ మొదట్లో ఐఎంఆర్ 4475 అనే పౌడరుతో పరీక్షలు దాటింది. వియత్నాంకి వెళ్ళేసరికి రౌండ్లలో డబ్ల్యూసీ 846 అనే బాల్ పౌడరు వచ్చింది. రైఫిల్ పేలే వేగం పెరిగింది, మసి పెరిగింది. చాంబర్‌కి (బ్యారెల్‌లో రౌండు కూర్చునే చోటుకి) క్రోమ్ పూత లేదు, జవాన్లకి సరిపడా క్లీనింగ్ కిట్లు అందలేదు. ఖోఖాలు (పేలాక మిగిలే ఖాళీ తొడుగులు) చాంబర్‌లో ఇరుక్కుపోయాయి. 1967లో అమెరికా పార్లమెంటు కమిటీ దీనిమీద విచారణ జరిపింది. పరీక్ష పాసైన రైఫిల్, యుద్ధానికి వెళ్ళిన రైఫిల్ పేరుకి ఒకటే. లోపల కాలే మందు మాత్రం మారిపోయింది.

కాబట్టి ట్రయల్ మొత్తానికి సరిపడా రౌండ్లు ఒకే లాట్ (ఒకే విడతలో తయారైనవి) నుంచి ముందే తీసి పక్కన పెట్టండి. ఒకే క్యాలిబర్ ఆయుధాలన్నిటికీ అదే లాట్. క్యాలిబర్ వేరైతే, ఆ ఆయుధానికి యూనిట్‌లో రోజూ ఇచ్చే రౌండ్లే, కంపెనీ తెచ్చిన మ్యాచ్ రౌండ్లు (పోటీల కోసం ప్రత్యేకంగా చేసినవి) కాదు. పెట్టెలన్నీ ఒకే నీడలో ఉండాలి. ఎండలో పెట్టిన పెట్టెలోంచి తీసిన రౌండు వేగం వేరు, నీడలోది వేరు. అసలు పరీక్ష అయ్యాక రెండో లాట్‌తో, వేరే ఫ్యాక్టరీ రౌండ్లతో చిన్న పరీక్ష విడిగా చేయండి. కొత్త రైఫిల్ ఒక్క లాట్‌కే అలవాటుపడి ఉంటే అక్కడ బయటపడుతుంది.

ఎవరు పేల్చాలి

మార్క్స్‌మన్లనే తెస్తే రైఫిల్ లోపాన్ని వాళ్ళ చెయ్యి కప్పేస్తుంది. రిక్రూట్లనే తెస్తే గ్రూపు (ఒకే గురికి కొట్టిన రౌండ్లు తగిలిన గుంపు) ఎందుకు చెదిరిందో తెలియదు. కలిపి తీసుకోండి: శిక్షణ ఈమధ్యే అయినవాళ్ళు, పదేళ్ళ సర్వీసువాళ్ళు, పొడుగు, పొట్టి. ఎడమచేతివాళ్ళు తప్పనిసరి. ఖోఖా వాళ్ళ మొహం ముందునుంచి పోతుందా, సేఫ్టీ వాళ్ళ వేలికి అందుతుందా అన్నది వాళ్ళు చెప్తేనే తెలుస్తుంది.

అలవాటు అనేదొకటి ఉంది. ఇన్సాస్‌తో ఏళ్ళు గడిపినవాడి చెయ్యి చీకట్లో కూడా కాకింగ్ హ్యాండిల్ కోసం ఎడమవైపుకే పోతుంది. వాడికి కొత్త రైఫిల్ ఇచ్చి ఆ రోజే స్టాప్‌వాచ్ పట్టుకుంటే కొత్తది ఓడిపోతుంది. ముందు కొన్ని రోజులు కొత్త ఆయుధం మీద డ్రిల్ చేయించాలి. ఆ తర్వాత సగం మంది కొత్తది ముందు పేల్చాలి, సగం మంది పాతది ముందు. మధ్యాహ్నానికి భుజం అలుస్తుంది, ఎండ మారుతుంది, గాలి లేస్తుంది. క్రమం మార్చకపోతే ఆ నష్టమంతా రెండో తుపాకీ ఖాతాలో పడుతుంది.

సైట్ల దగ్గర జరిగే మోసం నేను చాలాచోట్ల చూశాను. కొత్త రైఫిల్ మీద మంచి ఆప్టిక్ (అద్దాలున్న గురిసాధనం) ఉంటుంది, పాతదానిమీద ఐరన్ సైట్ (అద్దం లేని మామూలు ఇనుప గురి). 300 మీటర్లలో కొత్తది గెలుస్తుంది. అక్కడ గెలిచింది రైఫిల్ కాదు, అద్దం. రెండింటికీ ఐరన్ సైట్‌తో ఒకసారి, రెండింటికీ ఒకే ఆప్టిక్‌తో ఒకసారి. పాతదానికి ఆప్టిక్ బిగించే రైల్ లేకపోతే ఆ మాటే రాయండి, అది పాతదాని లోపం కింద లెక్క.

గ్రూపింగ్

ప్రతి ఫైరరూ తన చేతిలోని ప్రతి రైఫిల్‌నీ ముందు జీరో చేసుకోవాలి, అంటే గురిపెట్టిన చోటే తగిలేలా సైట్ సరిచేసుకోవాలి. తర్వాత 100 మీటర్లలో గ్రూపింగ్. ఐదు రౌండ్ల గ్రూపు ఒక్కటి చూసి పొంగిపోవద్దు, అదృష్టం కూడా ఐదు రౌండ్లు తగిలిస్తుంది. ఒక్కో రైఫిల్‌కి చాలా గ్రూపులు కావాలి, అన్నిటి సగటు కావాలి, అన్నిటికంటే చెడ్డ గ్రూపు కూడా కావాలి. "నా చెయ్యి కదిలింది సాబ్" అన్నా గ్రూపు కొట్టేయకూడదు. కదిలించిన తుపాకీ ఏదో కూడా చూడాలి కదా.

తర్వాత బ్యారెల్ వేడెక్కించి మళ్ళీ కొట్టించండి. జర్మనీ సైన్యం రైఫిల్ జీ36 గొడవ ఇదే. వేడెక్కితే గురి తప్పుతోందని 2015లో అక్కడి రక్షణ శాఖే బయటికి చెప్పింది. విషయం కోర్టుకెళ్ళింది. 2016లో కోబ్లెంజ్ కోర్టు, ఒప్పందంలో అడిగినదాని ప్రకారం రైఫిల్ ఉంది, కంపెనీ బాధ్యత లేదు అంది. వేడి బ్యారెల్‌తో ఎంత చెదరొచ్చో ముందే కాగితం మీద పెట్టకపోతే తర్వాత అడిగే హక్కు ఉండదు.

వేడి బ్యారెల్ దగ్గర జాగ్రత్త. చాంబర్‌లో రౌండు ఉంచి మాటల్లో పడకూడదు, వేడికి దానంతటదే పేలొచ్చు. ఫైరింగ్ ఆగగానే మేగజైన్ తీసి, బోల్ట్ వెనక్కి లాగి, చాంబర్ ఖాళీ చూపించాలి.

రోక్‌లు లెక్కపెట్టడం

ట్రయల్ అంటే అందరికీ గుర్తొచ్చేది గ్రూపింగే గానీ, జవాను ప్రాణం రోక్‌ల (పేలుస్తుండగా రైఫిల్ ఆగిపోవడాల) లెక్కలో ఉంటుంది. ఇక్కడ నేను ఎక్కువసేపు ఆగుతాను.

ముందు ఎన్ని రౌండ్లు పేల్చాలి? కంపెనీ మనుషులు "300 రౌండ్లు, ఒక్క రోక్ లేదు" అని చప్పట్లు కొడతారు. లెక్క చూద్దాం. 300లో సున్నా వచ్చిందంటే, నూటికి 95 పాళ్ళ నమ్మకంతో చెప్పగలిగింది ఇంతే: అసలు రేటు నూరు రౌండ్లకి ఒక రోక్ కంటే చెడ్డగా ఉండదు. వెయ్యికి ఒకటి కంటే మెరుగు అనాలంటే 3,000 రౌండ్లు ఒక్క రోక్ లేకుండా పోవాలి. పేల్చిన రౌండ్లని మూడుతో భాగిస్తే వచ్చే అంకె ఎంతో, మీరు ఇవ్వగలిగే హామీ అంత.

ప్రతి రోక్‌కీ ఒక వరుస రాయండి. రైఫిల్ నంబరు, మేగజైన్ నంబరు, ఫైరర్, ఎన్నో రౌండు, చివరిసారి నూనె పెట్టాక ఎన్నో రౌండు, ఏం జరిగింది: రౌండు ఎక్కలేదా, పేలలేదా, ఖోఖా రాలేదా, వచ్చి ఇరుక్కుందా. ఎవరు తీశారు, ఎంతసేపట్లో. ఫౌరీ ఇలాజ్‌తో (జవానుకి నేర్పిన తక్షణ చర్యతో) పది సెకన్లలో ఫైరరే తీసేస్తే మొదటి తరగతి. ఫైరరే తీశాడు గానీ పది సెకన్లు దాటితే రెండో తరగతి. ఆర్మరర్ రావలసివస్తే మూడో తరగతి. మూడూ కలిపి ఒకే అంకెగా రాయకూడదు.

ఎందుకో 2007లో అమెరికాలో అబర్డీన్ దగ్గర జరిగిన దుమ్ము పరీక్ష చూస్తే తెలుస్తుంది. వాడుకలో ఉన్న ఎం4 పక్కన హెచ్‌కే416, స్కార్, ఎక్స్‌ఎం8 అనే మూడు రైఫిళ్ళు పెట్టారు. ఒక్కో రకానికి పది రైఫిళ్ళు, ఒక్కోదానికి 6,000 రౌండ్లు, అంటే రకానికి 60,000. దుమ్ములో పెట్టడం, 120 రౌండ్లు పేల్చడం, మళ్ళీ దుమ్ము. 600కి ఒకసారి తుడిచి నూనె, 1,200కి ఒకసారి పూర్తి క్లీనింగ్. ఎం4కి 882 రోక్‌లు. హెచ్‌కే416కి 233, స్కార్‌కి 226, ఎక్స్‌ఎం8కి 127. ఈ అంకెలు పట్టుకుని ఎం4 పనికిరాదన్నవాళ్ళున్నారు. 60,000లో 882 అంటే నూటికి ఒకటిన్నరే కదా అన్నవాళ్ళూ ఉన్నారు. ఇద్దరూ అబద్ధమాడలేదు. 68 రౌండ్లకి ఒకటి, 472 రౌండ్లకి ఒకటి అని రాసి చూడండి, జవానుకి అర్థమయ్యే తేడా అది: ఒకడికి మూడో మేగజైన్‌లో రోక్, ఇంకొకడికి పదహారో మేగజైన్‌లో.

ఇంకా లోపలికి వెళ్ళండి. ఆ 882లో 239 మేగజైన్ల వల్ల వచ్చినవి. ఆర్మరర్ కావలసిన మూడో తరగతివి చూస్తే ఎం4కి 19, స్కార్‌కి 16, మిగతా రెంటికీ చెరి 11. అక్కడ తేడా అంత భయంకరంగా లేదు. అన్నిటికంటే నన్ను ఆలోచింపజేసింది వేరే అంకె. అదే ఏడాది వేసవిలో ఎం4కి ఇలాంటి పరీక్షే చేస్తే 307 వచ్చాయి. అదే మోడల్, కొన్ని నెలల తేడా, ఫలితం దాదాపు మూడింతలు. పాత ట్రయల్ రిపోర్టులోంచి అంకె తీసుకుని కొత్త రైఫిల్ అంకె పక్కన రాసేవాళ్ళు దీన్ని గోడకి అంటించుకోవాలి. అదే రోజు, అదే దుమ్ము, అదే చేతులు, పక్కపక్కనే. వేరే రకంగా వచ్చిన అంకెలు పోల్చడానికి పనికిరావు.

మేగజైన్‌కి విడిగా నంబరు వేయమన్నది ఇందుకే. 1999 కార్గిల్‌లో ఇన్సాస్ మీద వచ్చిన ఫిర్యాదుల్లో చలికి ప్లాస్టిక్ మేగజైన్ పగలడం ఒకటి. మేగజైన్లు రైఫిల్‌ నుంచి రైఫిల్‌కి మారుస్తూ వాడండి. రోక్ మేగజైన్ వెంట తిరుగుతోందా, రైఫిల్ దగ్గరే ఉందా తేలిపోతుంది.

ఇంకొక సంగతి. ఒక ట్రయల్‌లో కంపెనీ మనిషి టీ తాగే విరామంలో తన రైఫిల్ విప్పి, సొంత నూనె పెట్టి తుడుస్తూ కనిపించాడు. అడిగితే "మా మాన్యువల్‌లో అలాగే ఉంది" అన్నాడు. పాత రైఫిల్‌కి మాత్రం పుల్‌త్రూ (బ్యారెల్‌లోంచి లాగే తాడు), చిందీ (గుడ్డ పేలిక), రెజిమెంటు నూనె. క్లీనింగ్ ఎప్పుడు, ఏ నూనెతో, ఎవరు అన్నది అందరికీ ఒకటే ఉండాలి. విరామంలో ఆయుధాలు కాపలాలో ఉండాలి.

ఇసుక, నీళ్ళు, చలి

రాజస్థాన్ ఎండాకాలం రేంజ్‌లో ఇసుక కోసం వెతకక్కర్లేదు, అదే వచ్చి బోల్ట్‌లో కూర్చుంటుంది. కానీ గాలి ఇచ్చే దుమ్ము అందరికీ సమానంగా పడదు. అందుకని పెట్టెలో తూచిన దుమ్ముతో ఒక పరీక్ష, బయట నేలమీద పడుకుని ఇంకొకటి. నీళ్ళలో ముంచి తీశాక మూతి కిందికి వంచి, బోల్ట్ కాస్త వెనక్కి లాగి నీళ్ళు పూర్తిగా కార్చాకే పేల్చాలి. 5.56 బ్యారెల్ సన్నం, నీళ్ళు పట్టుకుని వదలదు. నీళ్ళున్న బ్యారెల్‌లో పేలిస్తే బ్యారెల్ ఉబ్బొచ్చు, పగలొచ్చు. ఈ పరీక్షల్లో మొదటి రౌండు రైఫిల్‌ని స్టాండ్‌కి బిగించి, దూరం నుంచి తాడు లాగి పేల్చాలి.

చలిలో అందరూ మైనస్‌లో పెట్టి పేలుస్తారు. అసలు ఇబ్బంది లోపలికీ బయటికీ తిప్పినప్పుడు వస్తుంది. వెచ్చటి టెంట్‌లోకి తెచ్చిన రైఫిల్‌కి చెమ్మ పడుతుంది, బయటికి తీస్తే అది గడ్డ కడుతుంది. ట్రిగ్గర్ గార్డులో గ్లౌజు వేలు పడుతుందా అన్నది మైదానంలో ఎవరికీ గుర్తురాదు. పైన మంచుకొండల్లో మొదటి రోజే గుర్తొస్తుంది.

మా ఈఎంఈ పని

మెయింటెనబిలిటీ ట్రయల్ (విప్పి, బాగుచేసి, బిగించడం ఎంత తేలికో చూసే పరీక్ష) చివర్లో తూతూమంత్రంగా చేస్తారు. నాకు ఇదే ముఖ్యం, పక్షపాతం అనుకున్నా సరే. పది రైఫిళ్ళనీ విప్పండి, విడిభాగాలన్నీ ఒక తాటిపత్రి మీద కలిపేయండి, మళ్ళీ పది బిగించి, గేజ్ పెట్టి, పేల్చండి. చేత్తో రుద్ది సరిపెట్టిన నమూనాలు ఇక్కడ దొరికిపోతాయి. గడ్డిలో పడితే కనిపించని పిన్నులు ఎన్నున్నాయో లెక్కపెట్టండి. జవాను కళ్ళకి గంతలు కట్టి విప్పించి, బిగించించండి, ఏదైనా భాగం తిరగేసి బిగించడానికి వీలవుతోందా చూడండి. వీలైతే ఏదో ఒకరోజు ఎవడో బిగిస్తాడు. మందూ గుండూ లేకుండా క్యాప్ (పిన్ను తగిలితే పేలే అడుగు బిళ్ళ) మాత్రమే ఉన్న ఖోఖా చాంబర్‌లో పెట్టి అన్ని వైపులా కింద పడేయండి, పిన్ను క్యాప్‌ని కొట్టకూడదు. ప్రతి 1,000 రౌండ్లకీ బ్యారెల్ గేజ్, వేగం కొలిచి రాయండి. ఏ పనికి విదేశీ టూలు కావాలో, అది విరిగితే ఎక్కడ దొరుకుతుందో అడగండి. జవాబు రాతలో తీసుకోండి.

రిపోర్టు

మొదట పచ్చి లెక్కల షీట్లు, తర్వాత సగటులు, ఆ తర్వాతే అభిప్రాయం. ఫైరర్ల మాటలు వాళ్ళు అన్నట్టే రాయాలి. "బట్ చెంపకి తగులుతోంది" అన్నదాన్ని "ఎర్గోనామిక్స్ సంతృప్తికరం" అని దిద్దే అలవాటు మానుకోండి. పాత ఆయుధం ఏ పరీక్షలోనైనా గెలిస్తే ఆ వరుస కనిపించేలా ఉండాలి.

రేంజ్ ఖాళీ చేసేముందు ఖోఖాల లెక్క తేల్చండి. ఇరుక్కున్న ఖోఖాలు, పేలని రౌండ్లు విడి సంచుల్లో, రైఫిల్ నంబరు చీటీతో. అదే లాట్‌లో మిగిలిన రౌండ్లలో కొన్ని పెట్టెలకి సీలు వేసి ట్రయల్ బోర్డు అధ్యక్షుడి సంతకంతో దాచండి. ఆర్నెల్లకి కంపెనీ "మళ్ళీ చేయండి" అంటుంది, అప్పుడు కావాల్సింది ఆ పెట్టెలే.